ఒప్పంద కార్మికుల వారసుల జ్ఞాపకాలపై డాక్యుమెంటరీ: పరిశోధన నుంచి ప్రదర్శన దాకా సమగ్ర మార్గదర్శి

మారిషస్, దక్షిణాఫ్రికా, ఫిజీ దేశాలకు చెరకు తోటల పనికి ఒప్పందం మీద వెళ్ళిన తెలుగువారి మనవల గురించి, మునిమనవల గురించి డాక్యుమెంటరీ తీయాలనుకునేవారు మొదట అడిగే ప్రశ్న ఏ కెమెరా కొనాలన్నదే. ఈ రకం సినిమాలో కెమెరా నాలుగో మెట్టు మీద వస్తుంది. మొదటి మూడు మెట్లూ, అంటే ప్రశ్న, కాగితాలు, సమ్మతి, సరిగా పడకపోతే ఎంత మంచి కెమెరా ఉన్నా పండుగ బట్టలు, పాత ఫొటోలు, కన్నీళ్ళు తప్ప మరేమీ చేతికి రావు.

ముగ్గురు నలుగురున్న చిన్న బృందాన్ని దృష్టిలో పెట్టుకొని పని జరగవలసిన వరుసలోనే ఈ మార్గదర్శిని రాశాను. వలస ప్రభుత్వం రాసిపెట్టిన కాగితం ఒక మాట చెబుతుంది, కుటుంబం తరతరాలుగా చెప్పుకొన్న కథ మరో మాట చెబుతుంది. ఆ రెండింటి మధ్య ఉన్న ఎడమే మీ సినిమా. దాన్ని పూడ్చకుండా కాపాడుకోవడానికే ఈ మెట్లన్నీ.

1. ప్రశ్నను ఖరారు చేసుకోండి

"మారిషస్ తెలుగువారు" అనేది విషయం మాత్రమే, ప్రశ్న కాదు. బతికున్న ఒక మనిషి చేయవలసిన పని చుట్టూ ప్రశ్న అల్లుకోవాలి. డర్బన్ దగ్గరి చాట్స్‌వర్త్‌లో నివసిస్తున్న ఒక కుటుంబం, జాతుల వారీగా నివాస ప్రాంతాలను విడదీసిన 1950 నాటి గ్రూప్ ఏరియాస్ చట్టం కింద తమ పెద్దలు ఖాళీ చేయవలసివచ్చిన స్థలానికి మళ్ళీ వెళితే ఎవరికి ఏది గుర్తుకు వస్తుంది, ఎవరికి ఏదీ గుర్తు రాదు? తన ముత్తాత ఏ ఊరి నుంచి వచ్చాడో తెలియని ఒక మహిళకు ఆ ఊరి పేరు దొరికితే ఆమె దానితో ఏమి చేస్తుంది? ఇలాంటి ప్రశ్నకు చిత్రీకరణ జరిగితే తప్ప జవాబు తెలియదు కాబట్టి అది సినిమాను నడిపించగలదు.

"ఇన్ని తరాలైనా తెలుగుదనాన్ని ఎలా నిలుపుకున్నారు?" అనే ప్రశ్నను మొదటి రోజే పక్కన పెట్టండి. అది మనకు కావలసిన ప్రశ్న, వారిది కాదు. దానికి జవాబు ముందే నిర్ణయమైపోయి ఉంటుంది, ఎదుటివారు మర్యాదకొద్దీ ఆ జవాబే ఇస్తారు. వారు మారిషస్ పౌరులుగానో, దక్షిణాఫ్రికా పౌరులుగానో తమ జీవితం గడుపుతున్నవారే గాని మన ఊరి నుంచి తప్పిపోయినవారు కారు.

విమాన ఖర్చులు భరించలేనివారికి దగ్గరలోనే బలమైన విషయం ఉంది. 1942లో జపాన్ దాడి వల్ల బర్మా విడిచి వచ్చినవారు, 1962 సైనిక తిరుగుబాటు తరువాత వచ్చిన జాతీయీకరణతో జీవనాధారం కోల్పోయి వచ్చినవారు కోస్తా జిల్లాలలో ఉన్నారు. విశాఖపట్నంలో నేటికీ బర్మా క్యాంపు అనే పేరుతో పిలిచే పేట ఉంది. మొదటి సినిమాకు ఇదే మంచిదని నా అభిప్రాయం, ఎందుకంటే మరిచిపోయిన ప్రశ్న అడగడానికి మరునాడు మళ్ళీ వెళ్ళవచ్చు.

ముందుకు కదిలే ముందు సరిచూసుకోండి:
- ప్రశ్నను ఒకే వాక్యంలో రాయగలిగారా?
- అందులో ఒక మనిషీ, ఆ మనిషి చేయబోయే ఒక పనీ ఉన్నాయా?
- జవాబు మీకు ముందే తెలిసిపోయిందా? తెలిసిపోతే ప్రశ్న మార్చండి.

2. కాగితాలు వెతకండి

చాలామంది ఈ మెట్టును రెండు రోజుల్లో ముగించాలని చూస్తారు. సినిమాకు కావలసిన బలమంతా ఇక్కడే ఉంది కనుక తీరికగా చేయండి.

ఎప్పుడూ నేటి నుంచి వెనక్కి వెళ్ళండి. బతికున్న వ్యక్తి జనన పత్రంతో మొదలుపెట్టి, తల్లిదండ్రుల పత్రాలు, వారి తల్లిదండ్రుల వివాహ పత్రాలు, ఇలా ఓడ దిగిన మనిషి దాకా చేరుకోవాలి. పైనుంచి, అంటే ఓడ జాబితా నుంచి మొదలుపెట్టి కిందికి వస్తే, ఒకే పేరున్న పదిమందిలో మీ మనిషి ఎవరో తేలదు.

తరువాత వలసదారుని సంఖ్యను పట్టుకోండి. మారిషస్‌లోనూ, నాటి నటాల్ వలస రాజ్యంలోనూ (నేటి దక్షిణాఫ్రికాలో భాగం) ఓడ దిగిన ప్రతి ఒక్కరికీ ఒక సంఖ్య ఇచ్చారు. నటాల్‌కు 1860 నవంబర్ 16న మద్రాసు నుంచి వచ్చిన ట్రూరో ఓడతో మొదలై 1911 దాకా నమోదైనవారు 1,52,184 మంది. పేర్లు ఎలాగైనా మారవచ్చు గాని సంఖ్య మారదు. కుటుంబం దాచుకున్న పాత పత్రాల మీద, తోట యజమాని ఇచ్చిన కాగితాల మీద ఆ సంఖ్య ఉందేమో మొదట చూడండి.

ఎక్కడ ఏమి దొరుకుతుందో క్లుప్తంగా:
- మారిషస్: మోకాలోని మహాత్మా గాంధీ ఇన్‌స్టిట్యూట్‌లో భారతీయ వలస రికార్డులున్నాయి. 1860ల నుంచి కార్మికులకు తీసిన ఫొటోలు కూడా ఇక్కడ ఉన్నాయి. 
- దక్షిణాఫ్రికా: నటాల్ ఓడ జాబితాలు. డర్బన్‌లోని క్వాజులు-నటాల్ విశ్వవిద్యాలయం పరిధిలో ఉన్న గాంధీ-లుతూలి డాక్యుమెంటేషన్ సెంటర్‌లో అడగండి.
- ఫిజీ: సువాలోని జాతీయ ఆర్కైవ్స్‌లో ఎమిగ్రేషన్ పాసులు, అంటే ఓడ ఎక్కే మనిషి పేరు, ఊరు, కులం వంటి వివరాలు రాసిన పత్రాలు, ఉన్నాయి. మద్రాసు నుంచి ఫిజీకి ఓడలు 1903లో మొదలై 1916లో ఆగాయి కనుక తెలుగు కుటుంబాల కోసం ఆ పదమూడేళ్ళ మీద ముందుగా దృష్టి పెట్టండి.
- చెన్నై, లండన్: తమిళనాడు ఆర్కైవ్స్‌లో మద్రాసు ప్రెసిడెన్సీ ప్రభుత్వ పత్రాలు, బ్రిటిష్ లైబ్రరీలో ఇండియా ఆఫీస్ రికార్డులు ఉన్నాయి. వ్యక్తుల పేర్లకన్నా ఓడరేవులు, ఫిర్యాదులు, విచారణల సమాచారం ఇక్కడ ఎక్కువగా దొరుకుతుంది.

ఈ కాగితాలను వారసుల అభ్యర్థన మీద చూపించడం సంస్థలకు సులువు. అందుకే దరఖాస్తు కుటుంబ సభ్యుల చేతే పెట్టించండి, చిత్రీకరణ అనుమతిని మాత్రం విడిగా రాతపూర్వకంగా అడగండి. కాగితాన్ని చదవడానికి ఇచ్చిన అనుమతి దానిని తెర మీద చూపడానికి చెల్లదు.

పాసు చేతికి వచ్చాక ఊరి పేరు దగ్గర చిక్కు మొదలవుతుంది. తెలుగు పేరును విన్న గుమాస్తా తన చెవికి తోచినట్టు ఇంగ్లీషులో రాశాడు. అప్పడు అనే పేరు చివర ఒక చోట యు అక్షరం, మరో చోట రెండు ఓ అక్షరాలు కనిపిస్తాయి. ఊళ్ళ పేర్లూ అంతే. కనుక పేరును కళ్ళతో కాక నోటితో చదవండి, ఆ ప్రాంతం యాస తెలిసినవారి ముందు పైకి చదివి వినిపించండి.

జిల్లా పేరును నేటి పటంతో సరిపోల్చేటప్పుడు సరిహద్దులు మారిన సంవత్సరాలు దగ్గర ఉంచుకోండి. పాసు మీద విజగపటం అని ఉంటే ఆ ఊరు నేటి విశాఖపట్నం, శ్రీకాకుళం, విజయనగరం, అనకాపల్లి, పార్వతీపురం మన్యం జిల్లాలలో దేనిలోనైనా ఉండవచ్చు. గంజాం అని ఉంటే అది 1936 నుంచి ఒడిశాలో ఉండవచ్చు. చిత్తూరు జిల్లా 1911లో ఏర్పడింది కాబట్టి అంతకు ముందు ఆ ప్రాంతం నుంచి వెళ్ళినవారి కాగితాల మీద నార్త్ ఆర్కాట్ అనో, కడప అనో కనిపించవచ్చు. గోదావరి జిల్లాకు తూర్పు గోదావరి అనే పేరు 1925లో వచ్చింది.

కాగితం చెప్పినదంతా నిజమని నమ్మకండి. వయసు అంచనాగా వేసినదే. తండ్రి పేరు, కులం, ఊరు, వీటిలో ఏదైనా ఓడ ఎక్కే మనిషి కావాలనే మార్చి చెప్పి ఉండవచ్చు, ఎందుకంటే అప్పుల నుంచో, కుటుంబ కలహం నుంచో తప్పించుకొని వెళుతున్న మనిషికి నిజం చెప్పవలసిన అవసరమేమీ లేదు. అందుకని మూడు నిలువు వరుసల పట్టిక ఒకటి తయారుచేసుకోండి. మొదటి వరుసలో కాగితం చెప్పినది, రెండో వరుసలో కుటుంబం చెప్పినది, మూడో వరుసలో రెండింటి మధ్య తేడా రాయండి. ఎడిటింగ్ బల్ల మీద మీకు అత్యంత విలువైన కాగితం ఈ పట్టికే అవుతుంది.

3. సమ్మతి తీసుకోండి

కెమెరా లేకుండా కనీసం రెండుసార్లు కలవండి. మొదటిసారి మీరు ఎవరో, డబ్బు ఎవరిదో, సినిమా ఎక్కడెక్కడ చూపుతారో చెప్పండి. రెండోసారి వారి ప్రశ్నలు వినండి. సంతకం ఆ తరువాతే.

సమ్మతి పత్రం వారు ఇంట్లో మాట్లాడే భాషలో ఉండాలి. మారిషస్‌లో అది క్రియోల్ కావచ్చు, ఫిజీలో ఫిజీ హిందీ కావచ్చు. టీవీ, ఇంటర్నెట్, చలనచిత్రోత్సవం, విద్యాసంస్థలు, ఇలా ఒక్కో వాడుకకు విడిగా ఒప్పుకునే వీలు పత్రంలో ఉంచండి. ఫలానా తేదీ లోపల వెనక్కి తీసుకోవచ్చు అనే మాటను తేదీతో సహా రాయండి.

కులం విషయంలో మరింత జాగ్రత్త అవసరం. ఎమిగ్రేషన్ పాసు మీద కులం పేరు స్పష్టంగా రాసి ఉంటుంది. మూడు తరాలుగా ఒక పేరుతో గౌరవంగా బతికిన కుటుంబానికి ఆ ఒక్క గడి పెద్ద సంగతి కావచ్చు. కెమెరా నడుస్తుండగా మొదటిసారి ఆ కాగితాన్ని చేతికిచ్చి ముఖంలో మార్పును పట్టుకోవాలనే కోరిక దర్శకునికి కలుగుతుంది. అలా చేయకండి. కాగితంలో ఏముందో ముందు ఏకాంతంగా చూపించి, తెర మీద ఏది కనిపించవచ్చో, ఏది కప్పాలో వారినే నిర్ణయించనివ్వండి. దీనివల్ల నాటకీయత పోతుందని భయపడనక్కరలేదు. తెలిసిన విషయాన్ని మనిషి నెమ్మదిగా తన మాటల్లో చెప్పుకోవడం ఉలికిపాటుకన్నా తెర మీద ఎక్కువసేపు నిలుస్తుంది.

సంతకానికి ముందు సరిచూసుకోండి:
- ఇంట్లో అందరూ ఒప్పుకున్నారా, లేక ఒక్కరే అందరి తరఫున ఒప్పుకున్నారా?
- రాజకీయంగా ఇబ్బంది కలిగించే సంగతులున్నాయా? 1987, 2000 తిరుగుబాట్ల గురించి ఫిజీలో మాట్లాడినవారు సినిమా విడుదలయ్యాక కూడా అక్కడే ఉండాలి.
- పేరు, ఊరు, పని చేసే చోటు చూపవద్దని అడిగారా?

4. సామగ్రి సిద్ధం చేసుకోండి

ఉన్న డబ్బులో ఎక్కువ భాగం శబ్దానికి పెట్టండి. ప్రేక్షకులు మసక దృశ్యాన్ని భరిస్తారు, వినబడని మాటను భరించరు. ఒక కాలర్ మైకు, ఒకే దిక్కు నుంచి వచ్చే శబ్దాన్ని పట్టే ఒక షాట్‌గన్ మైకు రెండు వేరు ట్రాకులలో రికార్డు చేయాలి. 48 కిలోహెర్ట్జ్, 24 బిట్ చాలు.

భారత్, మారిషస్, దక్షిణాఫ్రికా, ఫిజీ అన్నిటిలోనూ కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ వేగం 1/50 పెట్టుకుంటే ట్యూబులైట్ల మినుకు రాదు.

సెకనుకు 100 మెగాబిట్ల వేగంతో తీస్తే గంటకు సుమారు 45 గిగాబైట్లు పడుతుంది. ప్రతి రాత్రీ మూడు ప్రతులు చేసి, ఒకదాన్ని వేరే మనిషి సంచిలో ఉంచండి. మారిషస్‌కు, దక్షిణాఫ్రికాకు పరికరాలు తీసుకువెళ్ళేటప్పుడు ఏటీఏ కార్నే, అంటే పరికరాలను తాత్కాలికంగా తీసుకువెళ్ళి తిరిగి తెచ్చేందుకు వీలిచ్చే కస్టమ్స్ పత్రం, ఉంటే కస్టమ్స్ దగ్గర సుంకం బెడద ఉండదు. మన దేశంలో దాన్ని వాణిజ్య, పరిశ్రమల మండళ్ళ సమాఖ్య అయిన ఫిక్కీ జారీ చేస్తుంది.

5. ఇంటర్వ్యూ చేయండి

ఏ భాషలో మాట్లాడాలన్నది వారి ఇష్టం. తెలుగు వచ్చినవారి చేత తెలుగే మాట్లాడించాలని పట్టుబడితే జ్ఞాపకం చెప్పవలసిన మనిషి భాషా పరీక్ష రాసే విద్యార్థిగా మారిపోతాడు. తెలుగు భజనల్లోనో, పాటల్లోనో మాత్రమే మిగిలిన ఇళ్ళలో దాన్ని అక్కడే వినండి. దుబాసీ ఉంటే ప్రతి జవాబునూ అప్పటికప్పుడు తెలుగులోకి మార్చమనకండి, సంభాషణ తెగిపోతుంది. ప్రశ్నలను ముందే దుబాసీకి ఇచ్చి, అతణ్ణి కెమెరా పక్కన కూర్చోబెట్టి, వారిద్దరినీ మాట్లాడుకోనివ్వండి.

"మీరు మిమ్మల్ని భారతీయులుగా భావిస్తారా?" అనే ప్రశ్న ఎవరినీ ఎక్కడికీ తీసుకువెళ్ళదు. అస్తిత్వం గురించి నేరుగా అడిగితే అందరూ ఉపన్యాసమే ఇస్తారు. వస్తువుల గురించి, చోటు గురించి, పని గురించి అడగండి:
- ఈ ఫొటో ఇంట్లో ఏ గోడ మీద ఉండేది? ఎవరు తీసేశారు?
- మీ నాయనమ్మ కోపం వచ్చినప్పుడు ఏ భాషలో తిట్టేది?
- ఇంటిపేరు ఇలా ఎందుకు రాస్తారో మీకు ఎవరు చెప్పారు?
- పిల్లలకు చెప్పకూడదని పెద్దలు దాచిన సంగతి ఏదైనా తరువాత తెలిసిందా?

నాలుగో ప్రశ్నను చివరి రోజు దాకా అడగకండి. దానికి జవాబు వస్తే మరో ప్రశ్న వేయక మౌనంగా ఉండండి. మౌనం పది సెకన్లు దాటితే దర్శకునికి భయం వేస్తుంది గాని చెబుతున్న మనిషికి ఆ సమయం కావాలి.

ముసలివారిని నలభై నిమిషాలకు మించి కూర్చోబెట్టవద్దు. తోటల మీద జరిగిన దౌర్జన్యాలు, ఆత్మహత్యలు, 1942లో బర్మా నుంచి కాలినడకన వస్తూ దారిలో చనిపోయినవారు, ఇలాంటివి వచ్చినప్పుడు "ఆపమంటారా?" అని అడగడం మీ బాధ్యత. ఆపమంటే కెమెరా ఆపడమే కాదు, మైకు కూడా ఆపండి, ఆపినట్టు చూపించండి.

ఒకే కథను ఇద్దరి చేత విడివిడిగా చెప్పించండి. ముత్తాతను మోసగించి ఓడ ఎక్కించారని అక్క చెప్పవచ్చు, ఆయన తానే ఇష్టపడి వెళ్ళాడని తమ్ముడు చెప్పవచ్చు. వారిని ఒకచోట కూర్చోబెట్టి తేల్చుకోమనకండి. ఎవరు ఏ కథను ఎంచుకున్నారో చూస్తే, నేడు ఆ ఇంట్లో ఎవరి స్థానం ఏమిటో తెలుస్తుంది.

ప్రతి ఇంటర్వ్యూ చివర గదిలో అందరినీ కదలకుండా ఉండమని చెప్పి నిమిషం పాటు ఉత్త శబ్దం రికార్డు చేయండి. లేకపోతే ఎడిటింగ్‌లో ప్రతి కోతా వినిపిస్తుంది.

6. మిగలని చోట్లను చిత్రీకరించండి

కార్మికుల వరుస ఇళ్ళు చాలాచోట్ల కూలిపోయాయి. మారిషస్ రాజధాని పోర్ట్ లూయీలో, ఓడ దిగిన కార్మికులు మొదట అడుగుపెట్టిన అప్రవాసీ ఘాట్ వంటి చోట కూడా 1849లో కట్టినదానిలో కొంత భాగమే మిగిలింది. అక్కడికి అందరూ వెళతారు, మీరూ వెళ్ళండి. కానీ అది యునెస్కో వారసత్వ స్థలం కాబట్టి అక్కడి రాతి మెట్ల మీద నడిచే దృశ్యం ఇప్పటికే అనేక సినిమాల్లో ఉంటుంది.

దానికి బదులు, మీ కుటుంబానికి మాత్రమే అర్థమయ్యే చోటు వెతకండి: ఇప్పుడు పార్కింగ్‌గా మారిన తోట, బస్టాపు అయిన బావి. ఆ చోటును రోజులోని రెండు వేళల్లో, కెమెరాను కదల్చకుండా, కనీసం రెండు నిమిషాలు తీయండి. వారు మాట్లాడుతూ చేయి చాపి "ఇక్కడే" అన్న దిక్కును గుర్తుపెట్టుకొని, అదే దిక్కున కెమెరా పెట్టండి.

నటీనటులతో ఓడ ప్రయాణాన్ని మళ్ళీ తీయడం నాకు నచ్చదు. తెలియనిదాన్ని తెలిసినట్టు చూపడమే అది, పైగా ఆ తరువాత వచ్చే నిజమైన సాక్ష్యం విలువ పడిపోతుంది.

7. వలస పాలన నాటి ఫొటోలు, ఫిల్ములు వాడండి, చదివిస్తూ వాడండి

ఆ నాటి ఫొటోలను కార్మికుల కోసం తీయలేదు. గుర్తింపు కోసం, లెక్క కోసం, కొన్నిసార్లు పోస్టుకార్డుల అమ్మకం కోసం తీశారు. శీర్షిక లేకుండా దుఃఖ సంగీతంతో వాటిని తెర మీద జరిపితే ఆ పాత చూపే మళ్ళీ మన చూపవుతుంది. ఎవరు తీశారు, ఎందుకు తీశారు, ఎక్కడ దాచారు అనేది తెర మీదనో, మాటలోనో ప్రేక్షకునికి తెలియాలి.

ఒక దేశపు ఫొటోను మరో దేశానికి వాడటం చాలా పెద్ద తప్పు. ట్రినిడాడ్ చెరకు తోటను ఫిజీ తోటగా చూపితే, ఒకే ఒక్క ప్రేక్షకుడు గుర్తుపట్టినా మిగతా సినిమా మీద నమ్మకం పోతుంది.

కుటుంబ ఫొటోలను వారి ఇంట్లోనే 600 డీపీఐతో స్కాన్ చేసి, వెనక వైపు కూడా స్కాన్ చేయండి. తేదీ, స్టూడియో ముద్ర, చేతిరాత అక్కడే ఉంటాయి. హక్కుల కోసం ప్రతి చిత్రానికీ యజమాని, సంస్థ, అనుమతి తేదీ, రుసుము రాసే పుస్తకం మొదటి రోజు నుంచే నడపండి.

8. ఎడిటింగ్

మొదట అన్ని మాటలనూ, తడబాట్లతో సహా, రాసిపెట్టండి. తరువాత రెండో మెట్టులో చేసిన పట్టికను పక్కన పెట్టుకొని, తేడా ఉన్న ప్రతి చోటా సినిమాలో ఏమి చేస్తారో నిర్ణయించండి. మూడు దారులున్నాయి: రెండు కథనాలనూ పక్కపక్కన ఉంచడం, కాగితాన్ని వారికి చూపించి వారి జవాబు తీసుకోవడం, లేదా తేడాను వ్యాఖ్యానంలో స్పష్టంగా చెప్పడం. కాగితాన్ని జ్ఞాపకం మీద తీర్పుగా వాడటం నాలుగో దారి, అది మూసి ఉంచండి.

దర్శకుని గొంతుతో వ్యాఖ్యానం పెడితే "మన తెలుగువారు అక్కడ" అనే స్వరం జొరబడకుండా ప్రతి వాక్యం చూసుకోండి. మనం ఎవరు, అక్కడ అంటే ఎవరికి అక్కడ అనేది ఈ సినిమాలో తేలవలసిన విషయమే.

తెలుగు సబ్‌టైటిళ్ళకు ప్రత్యేక శ్రద్ధ కావాలి. మన పదాలు పొడవు, ఒత్తులు కిందికి దిగుతాయి. రెండు వరుసల మధ్య ఎడం పెంచకపోతే పై వరుస ఒత్తు కింది వరుస గుడిని తాకుతుంది. వాక్యాన్ని కుదించండి గాని మాట్లాడిన మనిషి స్వభావాన్ని కుదించకండి. వంటింట్లో చెప్పిన మాట గ్రాంథికంగా మారకూడదు.

9. తరచు కనిపించే తప్పులు, సవరణలు

- అందరూ ఒకే మాట చెబుతున్నారు. మీరు సంఘాల పెద్దలనే కలిశారు. పండుగ వేదికకు రానివారిని, మతం మారినవారిని, వేరే సముదాయంలో పెళ్ళి చేసుకున్నవారిని కలవండి.
- ఆడవారి గొంతు లేదు. పాసులలో ఒంటరిగా వెళ్ళిన స్త్రీలు ఎందరో ఉన్నారు, కుటుంబ కథలో వారు కనిపించరు. అమ్మమ్మల వైపు వంశాన్ని విడిగా వెతకండి.
- పూర్వికుల ఊరికి తిరిగివచ్చే ఘట్టం మీదే సినిమా ఆధారపడింది. ఊళ్ళో ఎవరూ గుర్తుపట్టకపోతే, ఆతిథ్యానికి బదులు భూమి కోసం వచ్చారేమోననే అనుమానం ఎదురైతే ఏమి చేస్తారో ముందే ఆలోచించి, ఆ ఘట్టాన్ని మధ్యలో పెట్టండి.
- సంగీతం ప్రతి చోటా ఏడిపిస్తోంది. వీణను, వేణువును తీసేసి, వారి వీధిలో వినిపించే శబ్దం పెట్టి చూడండి.

10. ప్రదర్శన, ప్రతులు తిరిగి ఇవ్వడం

మొదటి ప్రదర్శన పాల్గొన్న కుటుంబానికే. మార్పులు చేయడానికి వీలుండే దశలో, శబ్దం ఖరారు కాకముందే చూపండి. వారి అభ్యంతరాలు రాసుకొని, దేనిని మార్చారో, దేనిని ఎందుకు మార్చలేదో రాతలో తెలియజేయండి.

భారత్‌లో థియేటర్‌లో ప్రదర్శించాలంటే 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం కింద ధ్రువపత్రం కావాలి. చలనచిత్రోత్సవాలకు మినహాయింపు విధానం వేరుగా ఉంది కనుక నిర్వాహకులను ముందే అడగండి.

విడుదలైన నెలలోపు కుటుంబానికి అందవలసినవి:
- పూర్తి ఇంటర్వ్యూల ప్రతి, సినిమాలో వాడనివాటితో సహా
- స్కాన్ చేసిన ఫొటోలు, అసలు ఫొటోలు ఇచ్చినవి ఇచ్చినట్టుగా
- దొరికిన పాసులు, పత్రాల నకళ్ళు, అవి ఏ సంస్థలో ఏ సంఖ్య కింద ఉన్నాయో రాసిన కాగితం
- వారు కోరితే, స్థానిక గ్రంథాలయానికో ఆర్కైవ్స్‌కో వారి పేరు మీద ఒక ప్రతి